తవుడుతో పోయిన బలము

కృష్ణా గోదావరీ నదుల నీరు పారిన మాగాణములలో ఏటేట రెండు పంటలు పండుచున్నవి. తెలంగాణమునందు ప్రాజెక్టుల నీటితోను, బోరుబావుల నీటితోను పూర్వమెన్నడును ఎరుగనంత ధాన్యము కళ్ళములకు వచ్చుచున్నది. అట్టి దేశమున 2019-21 సంవత్సరములలో జరిగిన జాతీయ కుటుంబ ఆరోగ్య పరిశీలనయందు, ఆరు మాసములు నిండి అయిదేండ్లు నిండని బిడ్డలలో ఆంధ్రప్రదేశమున నూటికి 63 మందియు, తెలంగాణమున నూటికి 70 మందియు రక్తహీనులని తేలినది. 2015-16లో జరిగిన పరిశీలనలో ఈ సంఖ్యలు వరుసగా 58.6, 60.7. ధాన్యరాశి పెరుగుచుండగా బిడ్డల నెత్తురు పలుచనగుచున్నదన్నమాట. తల్లుల స్థితి అంతకు మేలుగా లేదు. 15 మొదలు 49 ఏండ్ల ప్రాయముగల స్త్రీలలో ఆంధ్రమున నూటికి 58.8, తెలంగాణమున 57.6 మంది రక్తహీనులు.

ఈ సంఖ్యలు వ్రేలికొననుండి తీసిన రక్తపు బొట్టుతో కట్టినవగుటచే హెచ్చుగా కనబడుచున్నవని కొందరు వైద్యులు వాదింతురు. ఆ వాదమున సత్యము లేకపోలేదు. 2016-18లో సిరనుండి రక్తము తీసి దేశమంతట చేసిన వేరొక పరిశీలనలో ఒకటి మొదలు నాలుగేండ్ల బిడ్డలయందు నూటికి 41 మంది మాత్రమే రక్తహీనులుగా తేలిరి. సరే, 41 అనియే అనుకొందము. అయిదుగురు బిడ్డలాడుకొను ముంగిట ఇద్దరు రక్తము చాలని వారైనచో, కొలత పద్ధతిని గూర్చి తగవులాడుకొనుచు కూర్చుండుట పెద్దల పని కాదు.

ఇది కూటికి లేనివారి బాధ మాత్రమే యని మన పాఠకులలో కొందరు తలంపవచ్చును. అట్లు తలంచువారు తమ యింటిలోని ఆడువారి రక్తమును ఒకమారు పరీక్ష చేయించి చూడవలెను. దేశ పరిశీలనలలో సంపన్న కుటుంబముల స్త్రీలు కూడ ఈ లెక్కలోనుండి తప్పించుకొనలేదు. ఆకలి వేరు, పోషకలోపము వేరు. కడుపునిండ అన్నము తిని, మూడుపూటల తాంబూలము వేసుకొనువాని దేహమున గూడ అవసరమైన లవణమో, విటమినో కొరవడియుండవచ్చును. ఈ సత్యమును లోకమునకు బోధించిన వ్యాధులలో నొకటి మన తెలుగుసీమలోనే పాతుకొనియుండెను. ఆ కథ మనవారు చాలమంది మరచినారు గాన ఇచట కొంత విపులముగా చెప్పవలసియున్నది.

పూర్వపు మదరాసు రాజధానిలో బెరిబెరి యను వ్యాధికి నెలవు ఉత్తర సర్కారులు. కాళ్ళు తిమ్మిరెక్కుట, పాదములు వాచుట, నడక తప్పుట, గుండె బలహీనమై ఆయాసమువచ్చుట దాని లక్షణములు. చంటిబిడ్డలకు సోకినచో మరింత ఘోరము. తల్లిపాలయందే లోపముండుటచే, చూచుటకు బొద్దుగానున్న మూడు నాలుగు మాసముల శిశువు అకస్మాత్తుగా గుండె ఆగి చనిపోవుచుండెను. ఒకే రాజధాని, ఒకే ప్రభుత్వము, ఉభయులకును అన్నమే ఆహారము. అయినను దక్షిణమున తమిళులకు రాని వ్యాధి గోదావరి, విశాఖ మండలములలోని తెలుగువారికేల వచ్చినది? అరవదేశపు బీదలు ధాన్యమును ఉడికించి యెండబెట్టి దంచిన ఉప్పుడుబియ్యము తినుచుండిరి. మనవారు పచ్చిబియ్యము తినుచుండిరి. ఇంట రోలురోకళ్ళతో దంచుకొన్నంతకాలము పచ్చిబియ్యమైనను ముప్పులేదు, తవుడు కొంత గింజకు అంటియుండెడిది. మరబియ్యము వచ్చి, గింజను మల్లెమొగ్గవలె తెల్లగా చెక్కివేయుటతో ముప్పు ప్రారంభమైనది. ధాన్యమును ఉడికించునపుడు పైపొరలోని తయమిను అను విటమిను గింజలోనికి దిగును. తరువాత మరలో నెంత తోమినను కొంత నిలిచియుండును. పచ్చిబియ్యమునకు ఆ రక్షణ లేదు. తవుడుతోబాటు బలము పశువుల కుడితి తొట్టికి పోయినది.

ఈ విషయమును పరిశోధించుటకే 1918లో రాబర్టు మెకారిసన్ అను వైద్యుడు కూనూరునందు, పాస్టరు సంస్థలోని ఒక గదిలో, బెరిబెరి పరిశోధనశాలను నెలకొల్పెను. అదియే పెరిగి పెద్దదై 1958లో హైదరాబాదునకు తరలివచ్చి, 1969లో జాతీయ పోషకాహార సంస్థయని పేరు మార్చుకొన్నది. తార్నాకలోని ఆ సంస్థ పుట్టుకకు కారణము మన సర్కారు జిల్లాల బియ్యపుగింజయని ఎరిగిన తెలుగువారెందరు?

అంతకు పూర్వమే తూర్పుదేశములలో ఈ రహస్యము కొంత బయటపడినది. 1882-83లో జపాను యుద్ధనౌక ర్యూజో దీర్ఘయాత్రకు వెడలినపుడు 376 మంది నావికులలో 169 మందికి బెరిబెరి వచ్చి, 25 మంది మరణించిరి. తకాకి యను నౌకావైద్యుడు 1884లో వేరొక నౌకను అదే మార్గమున పంపి, నావికుల భోజనమును మాత్రము మార్పించెను. ఒక్కరును వ్యాధితో మరణింపలేదు. జావాలో ఐక్‌మన్ అను డచ్చి వైద్యుడు తోమిన బియ్యము తిన్న కోళ్ళకు కాళ్ళు పడిపోవుటయు, తవుడు పెట్టగనే లేచి తిరుగుటయు చూచి వ్రాసినదానికి 1929లో నోబెలు బహుమానము వచ్చినది. కోళ్ళు నేర్పిన పాఠమును మనుష్యులు నేర్చుకొనుటకు ఆలస్యమైనది.

తరువాత 1934లో వార్ధాయందు స్థాపింపబడిన అఖిలభారత గ్రామపరిశ్రమల సంఘము ద్వారా మహాత్ముడు దంపుడుబియ్యమును తినుడని దేశమునకు బోధించెను. స్వాతంత్ర్యానంతరము 1958లో బియ్యపు మరల నియంత్రణకు చట్టమొకటి చేసిరి. దంపుడు వృత్తిని కాపాడుట దాని యుద్దేశములలో నొకటి. ఆ చట్టమును 1997లో రద్దుపరచిరి. నేడు దంపుడుబియ్యము పట్టణములలో ధనికులు అంగడిలో హెచ్చు వెలకు కొనుక్కొను పథ్యవస్తువైనది. 2021-22 సంవత్సరములలో ఉప్పుడుబియ్యమును కొనుటనుగూర్చి కేంద్రమునకును తెలంగాణ ప్రభుత్వమునకును పెద్ద వివాదము నడిచినది గదా. ఆ వివాదమున ధరను గూర్చియు, కోటాను గూర్చియు మాటలాడనివారు లేరు. మన మరలలో ఉడికిన బియ్యము మన విస్తళ్ళలో ఏల పడుటలేదని అడిగినవారు మాత్రము కనబడలేదు.

ఇచట ఒక జాగ్రత్త చెప్పవలసియున్నది. దంపుడుబియ్యమునకు మరలినచో రక్తహీనతయు మాయమగునని ప్రచారము చేయు మిత్రులు కొందరు గలరు. జాతీయ పోషకాహార సంస్థవారు 2017లో ప్రకటించిన పట్టికలను చూడుడు. 100 గ్రాముల ముడిబియ్యములో తయమిను 0.27 మిల్లీగ్రాములు, తోమిన పచ్చిబియ్యములో 0.05, తోమిన ఉప్పుడుబియ్యములో 0.17. ఇచట భేదము కొట్టవచ్చినట్లున్నది. ఇనుము మాటయో, ముడిబియ్యములో ఒక మిల్లీగ్రాము, తోమినదానిలో 0.65. అనగా బియ్యము దంచినదైనను తోమినదైనను ఇనుమునకు ఆధారము కాదు. బెరిబెరి బియ్యపు పాపము. రక్తహీనత మాత్రము అన్నము ప్రక్కన విస్తరిలో ఏమియు లేకపోవుట వలన కలిగినది. పప్పు, ఆకుకూర, గ్రుడ్డు, చేప, మాంసము, నిమ్మ, ఉసిరిక, పాలు వీనిలో ఏదియు చాలినంత లేక అన్నమును చారునీళ్ళతోనో పచ్చడి మెతుకుతోనో దింపుకొనుట దానికి మూలము. 2025 ఉగాదినాడు తెలంగాణ ప్రభుత్వమువారు రేషను దుకాణములలో సన్నబియ్యము పంచ నారంభించిరి. బీదలు సన్నని అన్నము తినుట మాకును సంతోషమే. ఐనను సన్నదనమునకును నెత్తురునకును సంబంధము లేదు.

లోపమేదో నిర్ణయించి, అది యెవరియందున్నదో గుర్తించి, వారికి చేరు మార్గమున ఆ వస్తువును పంపినచో ఫలితము నిశ్చయముగా కలుగునని మన దేశమే ఋజువు చేసినది. శ్రీకాకుళమున 1921లో జన్మించి, విశాఖపట్టణమున వైద్యవిద్య నేర్చిన వులిమిరి రామలింగస్వామి గారు 1956లో హిమాలయపాదమునందలి కాంగ్రా లోయలో సహచరులతో చేసిన పరిశోధన చూడుడు. అచట గొంతువాపు నూటికి 38 మేరకుండెను. లోయను మూడు భాగములుగా చేసి, రెండింట అయొడిను కలిపిన ఉప్పును, ఒకదాన మామూలు ఉప్పును పంచిరి. ఆరేండ్లకు ఆ రెండు భాగములలో వ్యాధి సగమునకు తగ్గినది. మామూలు ఉప్పు తిన్నచోట ఉన్నదున్నట్లే యుండెను. 1962లో దేశమంతటికి కార్యక్రమము ప్రారంభమైనది. ఉప్పు తిననివాడు లేడు. అందరును ఇంచుమించు ఒకే పాటి తిందురు. కనుకనే ఆ మార్గము సఫలమైనది. భీమవరమున జన్మించిన యల్లాప్రగడ సుబ్బారావు గారు అమెరికాలో తమ సహచరులతోగూడి 1945లో ఫోలికామ్లమును సిద్ధపరచిరి. గర్భిణి కాకముందు నుండియు ఆ విటమినును పుచ్చుకొన్నచో, అంతకు ముందట్టి బిడ్డను కన్న తల్లులకు వెన్నెముక లోపముగల శిశువు మరల పుట్టుట నూటికి 72 పాళ్ళు తగ్గునని 1991లో ప్రకటించిన పరీక్షలో తేలినది. ఇచట అందరికి పంచుట గాక, సమయము నెరిగి ఇచ్చుట ప్రధానము. గర్భము మూడు మాసములు దాటిన తరువాత ఇచ్చిన ఫోలికామ్లము ఆ వెన్నెముకను అతుకజాలదు.

ఈ రెండు ఉదాహరణములను మనసున నుంచుకొని, బలవర్ధక బియ్యమను కేంద్ర ప్రభుత్వ పథకమును విచారింతము. రేషను బియ్యమునందును, పాఠశాలల భోజనమునందును ఇనుము, ఫోలికామ్లము, బి12 విటమిను కలిపిన గింజలను నూటికొకటి చొప్పున చేర్చి పంచుదుమని ప్రధానమంత్రి 2021 ఆగస్టు 15న ప్రకటించిరి. 2024 అక్టోబరులో మంత్రివర్గము ఈ పథకమును 2028 డిసెంబరు వరకు 17,082 కోట్ల రూపాయల వ్యయముతో కొనసాగింప నిశ్చయించినది. ఉద్దేశము మంచిది. ఐనను లెక్క వేసి చూడవలెను. చట్టప్రకారము మనిషికి నెలకు 5 కిలోలు. దినమునకు 165 గ్రాములు. నిబంధన మేరకు కిలోకు 28 మొదలు 42.5 మిల్లీగ్రాముల ఇనుము. అనగా దినమునకు సుమారు 4.6 మొదలు 7 మిల్లీగ్రాములు. గర్భిణికి కావలసినది దినమునకు 27 మిల్లీగ్రాములని పోషకాహార సంస్థ 2020 నిర్ణయము. ఆమెకు ఆసుపత్రివారిచ్చు మాత్రలో 60 మిల్లీగ్రాములున్నవి. పొలము దున్ని వచ్చిన మగవాడు రెండింతలన్నము తినును, రెండింతల ఇనుము పొందును. వానికి అవసరము తక్కువ. ఎనిమిది మాసముల బిడ్డ తినునది పిడికెడు మెతుకులు. దానికి అవసరము అధికము. ఉప్పువలె బియ్యము అందరికి సమముగా పోదు. ఎవనికి అక్కరలేదో వానికే ఎక్కువ పోవు పదార్థమిది. 2019లో కాక్రేన్ సంస్థవారు ఇట్టి బియ్యమును గూర్చిన పరీక్షలను సమీక్షించి, ఇనుము లోపము కొంత తగ్గవచ్చునుగాని రక్తహీనతలో మార్పు స్వల్పముగానో లేకయో యుండవచ్చునని అభిప్రాయపడిరి.

కనుక ఆ పథకమును తగులబెట్టుడని మేము చెప్పుటలేదు. దానిని చూపి, చేయవలసిన పని చేసితిమని అధికారులు చేతులు దులుపుకొనరాదనియే మా హెచ్చరిక. మరియు తలసీమియా వ్యాధి గలవారికి అధికమైన ఇనుము మేలు గాక హానియగును. మన ఏజెన్సీ ప్రాంతపు గిరిజనులలో కొడవలికణ వ్యాధియు కలదు. వారికి వైద్యుల సలహా, పరీక్ష ముందు, బస్తా తరువాత. రేషను తప్ప వేరు బియ్యము కొనజాలని బీదవానికి ఇష్టాయిష్టములు ఎక్కడివి?

ఎవరికి, ఎప్పుడు అను ప్రశ్నకు సమాధానము హైదరాబాదు పరిసర గ్రామములలోనే దొరకినది. 1987 మొదలు 1990 వరకు 29 గ్రామములను ఎన్నుకొని, 15 గ్రామములలో గర్భిణులకు, బాలింతలకు, ఆరేండ్లలోపు బిడ్డలకు మొక్కజొన్న, సోయాపిండితో చేసిన ఉప్మాను అంగన్‌వాడి ద్వారా ప్రతిదినము వండి పెట్టిరి. తల్లికి 500 కాలరీలు, 20 గ్రాముల మాంసకృత్తులు. బిడ్డకు 300 కాలరీలు. తక్కిన 14 గ్రామములలో ఆ పథకమింకను ప్రారంభము కాలేదు. తిన్న తల్లుల బిడ్డలు పుట్టుకయందు 61 గ్రాములు అధికముగా తూగిరి. అల్పమేయని నవ్వువారు తరువాతి మాట వినవలెను. పరిశోధకులు మరల ఆ గ్రామములకు పోయి, 13 మొదలు 18 ఏండ్ల ప్రాయమునకు వచ్చిన ఆ పిల్లలనే కొలిచిరి. 2008లో ఫలితములు వెలువడినవి. ఉప్మా గ్రామముల పిల్లలు 14 మిల్లీమీటర్లు పొడవు. రక్తనాళములు మృదువుగాను, ఇన్సులిను పనితీరు మేలుగాను ఉండెను. మధుమేహమును, గుండెజబ్బును మన జాతికి తలవ్రాతయని ఏడ్చుచున్న ఈ దినములలో, గర్భమునందును తొలి ఏండ్లయందును పెట్టిన పిడికెడు ఆహారము పదునైదేండ్లకు గూడ దేహమున గుర్తు నిలిపినదనుట సామాన్య విషయము కాదు.

ఆ పని చేయుటకు యంత్రాంగము లేదా? ఉన్నది. 1975 అక్టోబరు 2 నాటి నుండి అంగన్‌వాడి కలదు. గర్భిణులకు కేంద్రముననే ఒకపూట నిండు భోజనము, పాలు, గ్రుడ్డు పెట్టు పద్ధతిని ఉమ్మడి రాష్ట్రము 2013లో అమృత హస్తమను పేర ప్రారంభించినది. తెలంగాణము 2015 జనవరి 1 నుండి ఆరోగ్యలక్ష్మియను పేర నడిపినది. పేర్లు ప్రభుత్వముతోబాటు మారుచుండును, మార్చుకొననిండు. కూర్చుండబెట్టి పెట్టిన భోజనమునకును, ఇంటికి పంపిన సరకునకును భేదమున్నదని మాత్రము మరువరాదు. ఇంటికి చేరిన పిండి, గ్రుడ్లు, పాలు అత్తగారికి, మామగారికి, మరదికి, పెద్దపిల్లలకు పంచగా మిగిలినది గర్భిణికి. అందరును తిన్న పిమ్మట అడుగూడ్చి తినుట మన ఇండ్ల ఆచారము. అది పూరిగుడిసెలోనే గాక లోగిళ్ళలోను కలదు.

మాత్రల విషయమును అట్లే. గర్భిణికి 180 దినములు ఇనుప మాత్రలు ఈయవలెనని నియమము. దేశమున 180 దినములు పుచ్చుకొన్నవారు 2019-21 లెక్కప్రకారము నూటికి 26 మంది. మాత్ర తిన్నచో బిడ్డ పెద్దదై కానుపు కష్టమగునను భయము, వికారము, మలబద్ధము, మాత్రను కాఫీతో మ్రింగుట, దుకాణమునకు సరకు రాకపోవుట — కారణములివి. కాఫీ, తేనీరు ఇనుమును దేహమునకు పట్టనీయవు. నిమ్మకాయ నీరు పట్టించును. ఈ ఒక్క మాట గర్భిణికి చెప్పుటకు నిపుణులక్కరలేదు. బాలింతకు పథ్యమను పేర కూరలు, పండ్లు, మంచినీరు సహితము మాన్పించు ముసలమ్మలకు చెప్పుటకు మాత్రము కొంత ధైర్యము కావలెను.

ఇక చంటిబిడ్డల మాట. ఆరు మాసముల నుండి రెండేండ్లలోపు బిడ్డలలో తగినంత ఆహారము పొందువారు దేశమున నూటికి 11 మంది. పాఠశాల భోజనమునకు మనము పెట్టు శ్రద్ధ మెచ్చదగినదే. కాని బడికి వచ్చునాటికి తల్లిగర్భమునను, మొదటి రెండేండ్లలోను పోయిన యెత్తు తిరిగి రాదు. గ్రుడ్డు పెట్టవచ్చునా కూడదా యని సభలలో జరుగు వాదములు ఈ వయస్సు బిడ్డను తాకుటయేలేదు. తినువారికి గ్రుడ్డు, తిననివారికి పాలు పప్పు. ఇందులో ధర్మసంకటము మాకేమియు కనబడదు.

ఉభయ రాష్ట్రప్రభుత్వములు వెంటనే చేయదగినవి కొన్ని గలవు. అంగన్‌వాడి ఖర్చుకు ఒక్కొక్క గ్రుడ్డుకు నిర్ణయించిన ధరను అంగడిధరననుసరించి మార్చుచుండవలెను. ధర నిలిపివేసి గ్రుడ్డు నిలువుమనుట న్యాయము కాదు. గర్భిణికి మొదటి మాసముననే పేరు వ్రాయించి రక్తపరీక్ష చేయించుట, తీవ్ర రక్తహీనులను జిల్లా ఆసుపత్రికి పంపుట, మాత్ర కేంద్రమున భోజనానంతరము కార్యకర్త యెదుట మ్రింగించుట ఆవశ్యకము. ఏజెన్సీలో కొడవలికణ పరీక్ష ముగియకుండ ఇనుపబియ్యము బలవంతపెట్టరాదు. రాగులు, జొన్నలు పండు మెట్టతాలూకాలలో వానిని ప్రభుత్వమే కొని ఆ తాలూకా కేంద్రములకే ఇచ్చినచో, 100 గ్రాములకు 300 మిల్లీగ్రాములకు పైగా సున్నపు ధాతువుగల రాగి మన బిడ్డలకు మిగులును, రైతునకు వెల దొరకును.

భూస్వాములును, మరల యజమానులును తమ వంతును మరువరాదు. గ్రామమున అంగన్‌వాడి అద్దెగదిలో, పశువులకొట్టము ప్రక్కన నడచుచుండగా, ఊరిలో కల్యాణమంటపమునకు చందాలు పోగగుచున్నవి. కేంద్రమునకు పది సెంట్ల స్థలమును, దానిలో మునగ, ఉసిరిక, కరివేప, తోటకూరకు నీటి సదుపాయమును ఈయగల రైతులు ప్రతి గ్రామమున నలుగురైనను ఉందురు. మర యజమానులు గింజను ఎంత తెల్లగా తోమితే అంత గిరాకీ యను పోటీని కొంత సడలించి, తక్కువగా తోమిన బియ్యమును, ఉప్పుడుబియ్యమును స్థానికపు అంగళ్ళలో సమమైన ధరకు పెట్టి చూడవచ్చును. అది పాతరుచియే, నాలుకకు మరల అలవాటు కావలెనంతే.

అంగన్‌వాడిలో ప్రతిమాసము బిడ్డలను తూచి వ్రాయు పుస్తకమున్నది. ఆ పుస్తకము ఇప్పుడు పైఅధికారికి పోవును, లేదా చరవాణిలోనికి ఎక్కును. ఊరివారు దానిని చూడరు. పేర్లు చదువనక్కరలేదు. ఈ ఊరిలో ఇంతమంది బిడ్డలు, అందు ఇంతమంది బరువు తక్కువ, ఇంతమంది గర్భిణులు మాత్రలు మానివేసిరి, ఈ నెల ఇన్ని దినములు గ్రుడ్లు రాలేదు అను నాలుగు అంకెలను గ్రామసభలో సర్పంచి చదివి వినిపింపవలెనని రెండు ప్రభుత్వములును పంచాయతీలకు ఉత్తరువు లీయవలెను. ఉత్తరువు వచ్చువరకు వేచియుండక, రాబోవు గ్రామసభలోనే ఆ అంకెలను అడుగుటకు ఊరిపెద్దలకు అడ్డేమియు లేదు.